వత్తికి అడ్డుపడిన రంగు

ధ్యానభాగము: మత్తయి సువార్త 5:14–16; 5:23–24



క్రిస్మసు సమీపించిన కొలది మన గ్రామసంఘములలో గుడికి సున్నము కొట్టుట, రంగు కాగితములు అతికించుట, వెదురు బద్దలతో నక్షత్రము కట్టుట మొదలైన పనులు జరుగుచుండును. కొన్ని సంఘములలో పండుగ ముందురాత్రి ఆరాధనయందు కొవ్వొత్తులు వెలిగించు వాడుకయు గలదు. ఈ నెల ఆ కొవ్వొత్తులను గూర్చియే మీతో మాటలాడ గోరుచున్నాము. ఇంత చిన్న వస్తువును గూర్చి ధ్యానమేమని అనుకొనకుడి. చిన్న వత్తి నొకదానిని చూపి ప్రభువు మాకు బుద్ధి చెప్పెను. ఆ సంగతిని దాచక మీ యెదుట ఒప్పుకొనుటయే మేలని తోచినది.

ముందుగా ఒక మాట. కొవ్వొత్తి వెలిగించుట వలన పుణ్యము వచ్చునని గాని, పాపము పోవునని గాని మనము నమ్మువారము కాము. మన పాపమునకు క్రీస్తు రక్తమే చాలును. ప్రభువు కొండమీద బోధించిన దినములలో ఆ దేశపు సామాన్యుల యిండ్లలో వెలిగినది నూనె పోసిన మట్టి ప్రమిదయే గాని కొవ్వొత్తి కాదు. అయినను నూనెయైనను మైనమైనను వత్తి చేయు పని ఒక్కటే. అందుచేత భక్తులైన మన పెద్దలు పిల్లలకు బోధించుటకు కొవ్వొత్తిని వాడుకొనిరి. 1747వ సంవత్సరము క్రిస్మసు కాలమున జర్మనీ దేశములోని మారియన్‌బోర్న్ అను చోట మొరేవియను సహోదరుల సంఘములో పిల్లల ఆరాధన జరిగినప్పుడు, ఒక్కొక్క బిడ్డకు ఎర్రని రిబ్బను కట్టిన చిన్న కొవ్వొత్తిని వెలిగించి చేతికిచ్చిరి. ఆ ఎరుపు ప్రభువు రక్తమును జ్ఞాపకము చేయుటకు. అక్కడి రంగు కొవ్వొత్తికి వెలుపల కట్టబడినది. వత్తికి అడ్డము రాలేదు. ఈ మాటను కొంచెము జ్ఞాపకముంచుకొనుడి.

మూడు క్రిస్మసుల క్రిందట మా సంఘపు సండేస్కూలు పిల్లలు ఈ సంగతి విని, తామును రంగు కొవ్వొత్తులు చేసెదమనిరి. బజారులో దొరకు కొవ్వొత్తి సాధారణముగా రాతినూనెనుండి తీసిన మైనముతో చేసినది. మా గ్రామము మన్యమునకు దగ్గర. కొండలలో తేనె పట్టువారు సంతకు తేనెతోపాటు మైనపు ముద్దలనుకూడ తెత్తురు. స్త్రీల సమాజమువారు తలా కొంత వేసికొని రెండు కిలోల మైనము కొనిరి.

ఆ మైనమును చూచినవారికి తెలియును. అది పసుపు పచ్చగా నుండి తేనె వాసన కొట్టుచుండును. అయితే తేనెటీగ కడుపు క్రిందనుండి మొదట వెలువడునప్పుడు మైనము తెల్లగానే యుండును. పట్టులో పుప్పొడితోను, చెట్ల జిగురుతోను దినదినము కలిసి మెలిసి యుండుటచేత దానికి ఆ పసుపు వన్నె వచ్చును. ఎవరును పూసినది కాదు. దేనితో కలిసి కాపురమున్నదో దాని రంగు దానికి పట్టినది.

పిల్లలు మైనమును కరిగించిరి. ఎవరికి తోచిన రంగు వారు తెచ్చిరి. ఒకడు బీటుదుంప రసము తెచ్చెను. ఒకతె పసుపు, మరియొకతె ఎండిన గోరింటాకు పొడి తెచ్చిరి. ఒక చిన్నవాడు ఇటుక ముక్కను నూరి ఎర్రని పొడి తెచ్చెను. వాటిని కలిపి, చీల్చి మరల దారముతో కట్టిన వెదురు గొట్టములలో నూలు వత్తి నిలిపి పోసిరి. నలువది కొవ్వొత్తులు తయారాయెను. కడపటి మూడింటికి రంగు చాలక ఊరక పోసిరి. వాటిని పట్టుకొనుటకు ఎవరికిని ఇష్టము లేకపోయెను. మేమును చూచి పిల్లలను మెచ్చుకొంటిమి. రంగుల కొవ్వొత్తులు బల్లమీద వరుసగా పెట్టినప్పుడు చూడ ముచ్చటగా నుండెను.

ఆ రాత్రి ప్రసంగమైన తరువాత కరెంటు దీపములు ఆర్పి, పాట మొదలుపెట్టి కొవ్వొత్తులు వెలిగించితిమి. మొదట అన్నియు బాగుగానే అంటుకొనెను. రెండవ చరణము రాకమునుపే బీటుదుంప రసము పోసినవి చిటపటలాడెను. పొడి కలిపిన వాటి మంట చిన్నదై, చిన్నదై, పొగ విడిచి ఆరిపోయెను. మరల వెలిగించితిమి, మరల ఆరిపోయెను. పిల్లలు ఏడ్వసాగిరి. పాట ముగియునప్పటికి వెలుగుచున్నవి రంగు లేని ఆ మూడే.

ముందు వరుసలో కూర్చున్న ఒక మామ్మ ఆరిన కొవ్వొత్తి నొకదానిని తీసికొని, వేళ్లతో వత్తి మొదలు నలిపి చూచి మాతో ఇట్లనెను: “రంగు వత్తి నోటికి అడ్డం పడిందయ్యగారూ. మైనం తాగనీకపోతే దీపం ఎట్టా బతుకుద్ది?”

ఆమె బడికి పోయినది కాదు. అయినను సరియైన సంగతి చెప్పెను. 1860 డిసెంబరు చివరను, 1861 జనవరిలోను లండను నగరములో మైకేలు ఫారడే అను గొప్ప శాస్త్రజ్ఞుడు బాలబాలికలకు కొవ్వొత్తిని గూర్చియే ఆరు ఉపన్యాసములిచ్చెను. ఆయన ఒక చిన్న క్రైస్తవ సంఘమునకు పెద్దగాకూడ నుండెను. ఆయన వివరించిన సంగతి ఇది: మంట వేడికి పైనున్న మైనము కరుగును, కరిగిన మైనము నూలు పోగుల సందులగుండ పైకి ప్రాకును, మంట దగ్గర అది ఆవిరియై మండును. వెలుగిచ్చునది ముఖ్యముగా ఆ మైనపు ఆవిరియే. వత్తి దారి మాత్రమే. ఆ దారిలో కరగని పొడి చేరినచో మైనము పైకి రాలేదు. పైగా మేము పోసిన వెదురు గొట్టముల అడుగే కొవ్వొత్తికి తల. కరగని పొడియంతయు అడుగునకు దిగి, తీరా వెలిగించునప్పటికి మంటకు మొదట ఎదురైనది అదే.

దీపములు మరల వేసిరి. అప్పుడు మా కన్నులకు కనబడినది కొవ్వొత్తులు కాదు, గుడి మధ్యనున్న దారి. ఆ దారికి కుడిప్రక్క ఒక సంఘపెద్దయు ఆయన బంధువులును, ఎడమప్రక్క మరియొక సంఘపెద్దయు ఆయన వారును కూర్చుండిరి. చేని గట్టు విషయమై ఆ యిద్దరికి తగవు వచ్చి పదునొకండు నెలలైనది. అప్పటినుండి ఒకరినొకరు పలుకరించుకొనలేదు. ఒకరు ప్రభువు బల్లయొద్దకు వచ్చిన నెల రెండవవారు రారు. పిల్లలుసహా ప్రక్కలు విడిపోయిరి. ఇదంతయు మాకు తెలియును. పండుగ దాటనిమ్మని ఊరకుంటిమి. గట్టిగా మాటలాడినచో ఏదో ఒక కుటుంబము పండుగకు రాకపోవునేమో, కానుక తగ్గునేమో అని భయపడితిమి.

ఆ రాత్రి మేము చేసిన ప్రసంగము దేనిని గూర్చియని తలంచెదరు? భూమిమీద సమాధానమును గూర్చియే. దూతల పాటను, గొల్లల సంతోషమును చక్కగా వర్ణించితిమి. ప్రసంగము బాగుండెనని ఆ యిద్దరు పెద్దలును వేరువేరుగా వచ్చి మెచ్చుకొనిరి. ఒకరితో ఒకరు మాటలాడని ఇరువురికిని సమాధానపు ప్రసంగము సమానముగా నచ్చినదనగా, అది ఎవరి హృదయమునకును తగులలేదన్నమాట. మా ప్రసంగముకూడ ఇటుక పొడి కలిపిన కొవ్వొత్తియే. చూచుటకు రంగు గలదు, వెలుగు లేదు.

ఇంటికి వచ్చి మత్తయి సువార్త అయిదవ అధ్యాయము తెరచితిమి. లోకమునకు వెలుగుగా నుండవలసినవారు మనమేయని ప్రభువు చెప్పినది 14వ వచనములో. దీపమును కప్పిపెట్టక అందరికి కనబడునట్లు ఉంచుట 15, 16 వచనములలో. దీనిని మనము పిల్లలచేత కంఠస్థము చేయించుచున్నాము. కాని మరి కొంచెము క్రిందికి, 23, 24 వచనములకు రండి. బలిపీఠము దగ్గరకు కానుక తెచ్చినవానికి అక్కడ సహోదరుని తగవు జ్ఞాపకమునకు వచ్చినచో ఏమి చేయవలెను? కానుకను అక్కడనే విడిచి, ముందు వెళ్లి సమాధానపడి, అటుతరువాత వచ్చి అర్పింపవలెనని ప్రభువు ఆజ్ఞ. వెలుగును గూర్చిన మాటకును ఈ మాటకును నడుమ కొద్ది వచనములే యున్నవి. ఒకే నోట, ఒకే కొండమీద, ఒకే ప్రసంగములో పలికిన మాటలివి. మనము మొదటిదానిని గోడమీద వ్రాయించి రెండవదానిని చదువక దాటిపోవుచున్నాము.

ఇంకొక సంగతి గమనింపుడి. తప్పు నీదా, అతనిదా అని ప్రభువు అక్కడ విచారింపలేదు. సహోదరునికి నీమీద ఏదో యున్నదని జ్ఞాపకము వచ్చిన చాలును, కదలవలసినవాడవు నీవే.

జనవరి నెలలో మేము ఒక పెద్దయింటికి వెళ్లితిమి. మా సిగ్గు మమ్మును కాల్చుచుండగా, ఆ కాక తగ్గకమునుపే వెళ్లి, గట్టిగా వాక్యము చెప్పి గద్దించితిమి. ఆయన లేచి లోపలికి పోయెను. మూడు వారములు గుడికి రాలేదు. అప్పుడు మైనమును కరిగించు పద్ధతి మాకు జ్ఞాపకము వచ్చెను. మైనమును ఎన్నడును నేరుగా మంటమీద పెట్టరాదు. మితిమీరి కాగినచో రంగు చెడి నల్లబడును. మరియు వేడెక్కినచో అంటుకొని ఇల్లే తగలబడును. పెద్ద గిన్నెలో నీళ్లు మరుగనిచ్చి, అందులో మైనపు గిన్నె నుంచవలెను. అరువది రెండు మొదలు అరువది అయిదు డిగ్రీల సెంటీగ్రేడు వేడికే మైనము కరుగును. మరుగు నీటి వేడి దానికి చాలును. నిప్పు నిప్పే, కాని నడుమ నీరు కావలెను. సత్యము సత్యమే, కాని దానిని మోసికొని పోవువాని చేతిలో కన్నీరును ఓర్పును కావలెను. మేము నీరు లేక నిప్పు పట్టుకొని పోతిమి.

అటుతరువాత ప్రసంగము లేకుండ వెళ్లుచుంటిమి. పొలములో కూర్చుంటిమి. వ్యాధిలోనున్న ఆయన తల్లికొరకు ప్రార్థించితిమి. రెండవవారి యింటికిని అట్లే వెళ్లితిమి. పండుగకు ముందు మాటలాడక భయపడి ఊరకుంటిమని ఇరువురియెదుటను మా తప్పు ఒప్పుకొంటిమి. ఆ యొప్పుకోలు తరువాతనే వారు మా మాట వినసాగిరి.

ఆ వానకాలములో ఒక సాయంకాలము వారిలో చిన్నవాడు పెద్దవాని యింటికి వెళ్లి అరుగుమీద కూర్చుండెను. “అన్నా, మంచినీళ్లిప్పించు” అనెను. అంతే. మరేమియు మాటలాడుకొనలేదట. గట్టు తగవు ఆ దినమున తీరలేదు. తరువాత కొలతలు వేయించగా చిన్నవానికే కొంత భూమి పోయెను. ఆయనకు అది సుళువు కాలేదు. అయినను ఆ నెల ప్రభువు బల్లయొద్ద ఇద్దరును ఒకే వరుసలో మోకరించిరి. నష్టపోయినవాడు వచ్చి మోకరించుట చూచినప్పుడు మా కన్నులు చెమర్చెను.

మరుసటి క్రిస్మసుకు కొవ్వొత్తులు మానుకొందమని కొందరనిరి. మామ్మ ఒప్పుకొనలేదు. “రంగు తప్పు కాదు, కలిపిన తీరు తప్పు” అని ఆమె మాట. సరియైన తీరు తెలిసికొని మరల చేసితిమి. మీ సంఘములలో చేయదలచినవారికొరకు దానిని చెప్పుచున్నాము.

మైనము కొవ్వు జాతిది, నీటితో పొందదు. కనుక బీటుదుంప, మందారపువ్వు మొదలగు వాటి రసము ఎంత ఎర్రగా నున్నను మైనములో కలియదు, బొట్లు బొట్లుగా వేరుపడును. ఇటుక పొడి వంటిది నీటిలోను కరుగదు, మైనములోను కరుగదు. నూనెకు రంగు దిగు వస్తువులే పనికివచ్చును. జాఫరా గింజలమీది ఎర్రని పూత అట్టిది; వెన్నకు రంగు వేయుటకు వాడునది అదియే. మూలికల అంగడిలో దొరకు రతన్‌జోత్ వేరు నూనెకు ఎరుపు నిచ్చును. పసుపులోని పచ్చదనము నూనెకు దిగును, దాని పిప్పి దిగదు. ఎండబెట్టిన ఆకుల పచ్చరంగుకూడ కొంత దిగును. వీటిలో దేనినైనను పలుచని గుడ్డలో మూట కట్టి, కరిగిన మైనములో అర్ధగంట వెచ్చగా నుంచి, మూట తీసివేసి, మైనమును మరల గుడ్డలో వడియగట్టి పోయవలెను. మూటనుగాని పాత్రనుగాని తడిగా నుంచరాదు. పిల్లలను మంటయొద్ద ఒంటరిగా విడువరాదు. మైనమునకు తన పసుపు వన్నె యుండుటచేత మీరు వేసిన రంగు అచ్చముగా రాదు. నారింజవన్నెగానో, ముదురు ఎరుపుగానో వచ్చును. ఇట్టి రంగులు ఎండ తగిలిన వెలిసిపోవును గనుక నీడపట్టున దాచవలెను.

ఈ పనిలో మనకెంత పాఠమున్నదో ఆలోచింపుడి. చల్లని మైనమునకు రంగు పట్టదు. పైన పూయవచ్చును, గోటితో గీరిన ఊడివచ్చును. కరిగిన మైనమునకే రంగు లోపలి వరకు పట్టును. మన ప్రార్థన, మన పాట, మన తెల్లని పండుగబట్ట, మన కానుక, మన పేరు చివరనున్న బైబిలు పేరు, ఇవన్నియు మంచి రంగులే. కరగని హృదయముమీద పూసినచో అవి పైపూతలు. వానిని బలవంతముగా లోపల కుక్కినచో వత్తికే అడ్డుపడును. క్రైస్తవులమని చెప్పుకొని పొరుగువానితో పగ పెట్టుకొన్నవాడు కేవలము వెలుగు లేనివాడు కాడు, వెలుగుకు అడ్డమైనవాడు. అతనిని చూచి ఊరివారు క్రీస్తును తెలిసికొనలేరు.

హృదయము ఎట్లు కరుగును? మన ప్రయత్నము చేత కాదు. సిలువమీద ప్రభువు నోట పలుకబడిన మాటతో మొదలగు 22వ కీర్తన 14వ వచనములో, శ్రమపడువాడు తన హృదయము మైనము కరిగినట్లు కరిగెనని మొరపెట్టుచున్నాడు. మనకొరకు ఆయన హృదయమే మొదట కరిగినది. ఆ సిలువయొద్ద నిలిచినవాని హృదయము గడ్డకట్టియుండజాలదు. తేనెటీగల మైనము పుప్పొడితో కలిసి మెలిసి పచ్చబడినట్లు, ఆయనతో దినదినము కలిసియుండువానికి ఆయన వన్నె పట్టును. అది పూయబడినది కాదు గనుక ఊడిపోదు.

వడియగట్టుట మరువకుడి. మనలో మంచియు పిప్పియు కలిసియున్నవి. సంఘమునకు చేసిన సేవలో మన పేరుకొరకైన ఆశ కొంత, ఇచ్చిన కానుకలో పోటీ కొంత కలిసియుండును. రంగు నిలువవలెను, పిప్పి పోవలెను. ప్రభువు గుడ్డ సన్ననిది. ఆయన వడియగట్టునప్పుడు నొప్పి కలుగును, ఓర్చుకొనుడి.

మీ వత్తి ఇప్పటికే పొగయుచున్నదా? నిరాశపడకుడి. అట్టి వత్తిని ఆర్పివేయని సేవకుని గూర్చి యెషయా 42వ అధ్యాయము 3వ వచనము చెప్పుచున్నది. ఆ మొదటి రాత్రి ఆరిపోయిన ముప్పది యేడు కొవ్వొత్తులను మేము పారవేయలేదు. అన్నిటిని మరల కరిగించి, నీటిని తీసివేసి, అడుగున దిగిన పొడిని గీకివేసి, గుడ్డలో వడియగట్టితిమి. మైనము కొంచెము తరుగు వచ్చెను, పాడు కాలేదు. మరుసటి సంవత్సరము వెలిగినవానిలో అనేకము ఆ మైనముతో చేసినవే. పిల్లలు వాటిని పట్టుకొని నిలువగా, కడపటి చరణము వరకు వెలిగెను.

ప్రియులారా, ఈ పండుగకు గుడిలో దీపము వెలిగించుటకు ముందు ఒక్కసారి ఊరిలో నడచి రండి. మీరు దాటి పోవుచున్న గుమ్మము ఏదైన నున్నదా? అక్కడ ఆగుడి. మాటలు దొరకకపోయినచో మంచినీళ్లడుగుడి. తరువాత గుడికి రండి. మీ చేతిలోని కొవ్వొత్తి ఏ రంగుదైనను సరే, అది వెలుగును.

ప్రార్థన: మా ప్రభువా, వెలుగైయున్న దేవా, మా హృదయముల గడ్డను నీ ప్రేమచేత కరిగించుము. మాలోని పిప్పిని తీసివేయుము. మేము భయముచేత ఊరకుండిన దినములను క్షమించుము. మా సంఘములలో విడిపోయినవారిని ఒకే వరుసలో నీ బల్లయొద్ద మోకరింపజేయుము. పొగయుచున్న మా వత్తులను ఆరనీయక, మా గ్రామములు నిన్ను చూచునట్లు వెలిగించుము. యేసు నామమున వేడుకొనుచున్నాము. ఆమేన్.